చెరిపేసిన కూనిరాగం

మా బావ చిన్న సినిమాలకు సంగీతం కట్టేవాడు. పెద్ద నిర్మాతల గడప ఏనాడూ తొక్కలేదు. రమ్మన్నవాళ్లూ లేరనుకోండి! వంటింటి పక్కగది గోడలకు పాత పరుపులు బిగించి, దానికే స్టూడియో అని పేరు పెట్టాడు. పక్కింట్లో మిక్సీ తిరిగితే రికార్డింగ్ ఆగాల్సిందే.

ఆయన పద్ధతే వేరు. మాటలు వినపడకుండా చేసి, సినిమాను అక్కతో కలిసి చూసేవాడు. చూస్తూ చూస్తూ అక్క ఏదో కూనిరాగం తీసేది. సంగీతం నేర్చిన మనిషేం కాదు. బావ దాన్ని రికార్డు చేసి, ఫిడేలాయనకు వినిపించి, ఆయనచేత వాయింపించుకునేవాడు. ఆ తర్వాత అక్క గొంతు చెరిపేసేవాడు.

"ఎవరైనా వింటే పరువు పోతుంది, ముందు అది తీసేయండి" అని అక్కే వెంటపడేది.

"నీ పేరు కూడా వేయించుకోవే" అని నేనంటే, "ఊరుకోవే, నవ్విపోతారు" అనేది.

చివరి సినిమా, కొడుకు పోయిన తల్లి కథ. అప్పటికే అక్క ఊపిరితిత్తులు దెబ్బతిన్నాయి. మంచం మీదే దిండుకు ఆనుకుని రాగం తీసింది. బావ దాన్ని ఫిడేలు మీద వాయింపించి రికార్డు చేసుకుని, అలవాటు చొప్పున గొంతు తీసేశాడు. ఆ వారమే అక్క పోయింది.

కొన్నాళ్లకు అడిగాను. "బావా, అక్క గొంతు ఒక్కసారి వినిపించవా?"

కంప్యూటరంతా వెతికాడు. అటక మీది డబ్బాలన్నీ దింపాడు. ఎక్కడ చూసినా ఫిడేలే. ఫోన్లో వీడియో తీయబోతే మొహానికి చెయ్యి అడ్డం పెట్టుకుని నోరు మెదపని మనిషాయె మా అక్క.

"ఇన్నేళ్లలో ఒక్కటైనా ఉంచుకోవాలని తోచలేదా? చేతులెలా వచ్చాయి నీకు?" నోటికొచ్చినట్టు తిట్టాను.

"రోజూ ఇంట్లో వింటున్నదే కదా అనుకున్నానమ్మా" అన్నాడు. ఆ తర్వాత ఆయనతో మాట్లాడలేదు.

సినిమా వేసిన రోజు రానని భీష్మించుకుని, చివరికి వెళ్లాను. అందులో తల్లి, కొడుకు ఖాళీ మంచం సర్దే చోట ఫిడేలు మొదలైంది. పైకి పోతూ పోతూ సగంలో ఆగిపోయింది. కాసేపటికి తడబడుతూ అందుకుంది.

బయటికి రాగానే ఫిడేలాయన్ని పట్టుకున్నాను. "అక్కడెందుకు ఆపారు?"

"రాగం తీస్తుంటే అమ్మగారికి అక్కడ ఆయాసం వచ్చిందమ్మా. సరిచేయమంటారా అని సార్‌ని అడిగితే, ఉన్నదున్నట్టు వాయించమన్నారు."

బావ గోడవారగా నిలబడి ఉన్నాడు. వెళ్లి ఆయన చెయ్యి పట్టుకున్నాను. ఏడుపు ఆగలేదు.

"ఇంటికెళ్లి ఆ ముక్క ఇంకోసారి పెట్టు బావా. ఆగిన చోటు దాకా చాలు."

తలూపాడు గానీ, గోడ వదిలి కదల్లేకపోయాడు.