ముందు నేను పడతానండీ

ఆనంద్ పాల్ గారికి కుర్చీ వేస్తే వెంటనే కూర్చోరు. ముందు వేళ్ల కణుపులతో టకటకా కొడతారు. చెవి ఆనించి వింటారు. ఆనక ఇంటివాళ్ల వైపు జాలిగా చూసి, "గట్టిదండీ. దీనిమీద పడితే నడుం పోతుంది," అంటారు.

తాడేపల్లిగూడెంలో పెళ్లిచూపులనాడు కూడా ఇదే తంతు. పెర్సిస్ తండ్రి నిత్యానందం గారు టేకు కుర్చీ చూపించి, ఆ టకటకలన్నీ ఓపిగ్గా విని, "కూర్చోమన్నానండీ, పడమన్లేదు," అన్నారు. తలుపు చాటున పెర్సిస్ నవ్వు ఆపుకోలేకపోయింది. ఆ నవ్వు ఖరీదు తర్వాత తెలిసింది. ఈయన వెంట ఏ ఇంటికి వెళ్లినా తలవంపులే. గుళ్లో బల్లలు, బట్టల షాపులో కౌంటరు, చివరికి ఆసుపత్రిలో ఆమె పురుడు పోసుకున్న మంచం, దేన్నీ కొట్టకుండా వదల్లేదు.

ఆయన పని కుంగ్‌ఫూ సినిమాలకు సెట్లు వేయడం. ఏలూరులో క్రిస్మస్ నాటకాలకు అట్టముక్కలతో బెత్లెహేము కట్టిన మనిషి, హైదరాబాద్ వెళ్లి చైనా కోటలు కట్టేదాకా ఎదిగారు. ఆయన ఒక్క ఫైటులో విరగ్గొట్టించే సామానుతో ఊళ్లో ఆడపిల్లలందరికీ సారె పెట్టొచ్చు. కార్డు మీద 'ప్రొడక్షన్ డిజైనర్' అని ఉంటుంది గానీ, ఏలూరు పక్కన, కాపురమున్న వట్లూరులో 'విరిగే కుర్చీల పాల్ గారు' అంటేనే ఇల్లు చూపిస్తారు.

ఆ ఇంట్లో ఏది అసలో ఏది సినిమాదో పెర్సిస్‌కే తెలిసేది కాదు. కుర్చీలు జీలుగుబెండువి. గాజుసీసాలు పంచదార పాకంతో పోసినవి.

"ఏవండీ, మీ సీసాలకు చీమలు పట్టాయి."

"దులిపెయ్ పెర్సీ. రేపు అవి విలన్ నెత్తిమీద పగలాలి."

ఒకసారి పాస్టరు గారు వచ్చి, ప్రార్థన చేసి, ఆమెన్ అంటూ వెనక్కి వాలారు. కుర్చీ పొడిపొడి అయిపోయింది. పాల్ గారు పరుగున వచ్చి, "ఎక్కడైనా నొప్పి పుట్టిందాండీ?" అని అడిగారు.

"లేదండీ," అన్నారు పాస్టరు గారు నేలమీద నుంచి.

"చూశావా పెర్సీ, పాసైంది."

షూటింగు నుంచి వచ్చినప్పుడల్లా ఒంటిమీద కమిలిన మచ్చలుండేవి. ఏమైందంటే "తూలి పడ్డాను," అనేవారు. నడక రాని మనిషిని కట్టుకున్నానని పెర్సిస్ నమ్మేసింది.

పోయిన ఏడు కొల్లేరులో, ఒక చేపల చెరువు గట్టున షూటింగు పెట్టారు. ఇంటికి దగ్గరే కదా అని పెర్సిస్ మొదటిసారి క్యారేజీ పట్టుకుని వెళ్లింది. అక్కడ పెద్ద గొడవగా ఉంది. వానకు బెండు తలుపు నానిపోయింది. డైరెక్టరు పెదపాడు నుంచి ఒక నిజం తలుపు తెప్పించి, వెనక సగం లోతుకు కోయించాడు. ఫైటరు దుర్గేష్ దాన్ని బద్దలుకొట్టుకుంటూ బయటికి దూకాలి.

పాల్ గారు తలుపును కొట్టి, చెవి ఆనించి విన్నారు. "విరగదండీ."

"కోసేశాం కదండీ. ఎండ పోతోంది, కానివ్వండి," అన్నాడు డైరెక్టరు.

"అయితే ముందు నేను పడతానండీ."

పెర్సిస్ బిత్తరపోయింది. పక్కనే ఉన్న దుర్గేష్ నెమ్మదిగా, "ఎప్పుడూ అంతేనండీ మేడమ్. కుర్చీ అయినా, కిటికీ అయినా, ఆయన పడి లేచాకే మమ్మల్ని పడనిస్తారు," అన్నాడు.

ఆ మచ్చలు ఎక్కడివో పెర్సిస్‌కు అప్పుడర్థమైంది. ఆగమని అరిచేలోపే ఆయన పరిగెత్తి తలుపును గుద్దేశారు. తలుపు నిక్షేపంగా ఉంది. పాల్ గారి భుజం జారింది.

"చెప్పాను కదండీ," అన్నారాయన కింద నుంచే, చాలా మర్యాదగా.

డైరెక్టరు ప్యాకప్ చెప్పి, తనే కారులో ఏలూరు ఆసుపత్రికి తీసుకెళ్లాడు.

మర్నాడు దుర్గేష్ భార్య సుబ్బాయమ్మ కొల్లేటి లంక నుంచి బొచ్చె చేప పట్టుకుని వచ్చింది. "మా ఆయన పెళ్లికి ముందు నుంచీ మేడల మీంచి పడుతూనే ఉన్నారండీ. రోజూ కాళ్లమీద నడిచే ఇంటికొస్తారు. మా లంక అమ్మవారి దయనుకున్నాను. పాల్ గారని నిన్ననే తెలిసింది."

"నాకూ నిన్ననేనమ్మా," అంది పెర్సిస్. ఆమె చెయ్యి పట్టుకుంది.

మధ్యాహ్నం పెర్సిస్ ఆ చేపతో పులుసు పెట్టింది. ఆయన కుడిచేతికి కట్టు ఉంది కాబట్టి తనే కలిపి నోటికందించింది.

"పెర్సీ, ముళ్లున్నాయేమో చూశావా?"

"నోరు తెరవండి. ముందు నేను తిన్నాకే మీకు పెడుతున్నాను."