కొయ్యకుండా వదిలేసిన ఊపిరి

రేడియో స్టేషన్‌లో నేను మొదట నేర్చుకున్న పని మాట్లాడటం కాదు, కొయ్యడం. అప్పట్లో రికార్డింగంతా టేపు మీదే. దగ్గులు, గొణుగుళ్లు, పాటకీ పాటకీ మధ్య ముచ్చట్లు, అన్నీ బ్లేడుతో కోసి పారేసి మిగిలిన ముక్కలు అతికించేదాన్ని. నా అతుకు చెవికి దొరకదని పేరు. ఆ పొగడ్తకి బాగానే ఉబ్బిపోయాను.

మొన్న సబ్బవరం నుంచి ఒకావిడ రెండు బస్సులు మారి వచ్చింది.

“మా అమ్మ మీ రేడియోలో వరి ఊడుపు పాటలు పాడింది మేడమ్. నా సిన్నప్పుడే పోయింది. ఇంట్లో ఫోటో కూడా నేదు. ఒక్కపాలి గొంతు ఇనిపించండి.”

టేపు దొరికింది. పెట్టె మీద నా చేతిరాతే. లోపల సముద్రపు గాలికి బూజు పట్టింది. మా ఇంజనీరు గోదావరి మనిషి. “అది పోయిందండీ. టేపు మిషను కూడా శుక్రవారం పాత సామాన్లలోకి వెళ్లిపోద్ది. ఎందుకండీ ఈ తాపత్రయం?” అన్నాడు.

నాకు ఒళ్లు మండింది. “శుక్రవారం దాకా అది నాది,” అన్నాను. మూడు రోజులు, డ్యూటీ అయ్యాక కూర్చుని, దూదితో జానెడు జానెడు చొప్పున తుడిచాను. రెండు చోట్ల తెగింది, అతికించాను. రెండో రోజు నుంచి ఇంజనీరే వచ్చి రీలు పట్టుకున్నాడు.

శుక్రవారం పొద్దున్నే ఆవిడ వచ్చింది. టేపు వేశాను. పదిమంది ఆడవాళ్లు ఒక్కసారిగా అందుకున్నారు. పాట అయ్యేసరికి ఆవిడ మొహం వాడిపోయింది.

“అందరూ ఒక్కలాగే ఉన్నారు. మాటలేటీ నేవా? మాటైతే పోల్చుకుందును.”

మాటలు లేవు. నేనే కోసేశాను. ఆ సంగతి ఆవిడకి చెప్పేశాను, సిగ్గుతో చచ్చిపోతూ. ఆవిడ కుర్చీ మిషను దగ్గరికి జరుపుకుంది. “మళ్లీ మొదట్నించీ ఎయ్యండి,” అంది.

వేశాను. పాట మొదలవకముందే చెయ్యెత్తింది.

“ఆపండి! ఇదే. మా అమ్మే. ఉబ్బసం మనిషి. నన్ను పక్కనేసుకుని పడుకుంటే ఊపిరి ఇలాగే తీసేది.”

మైకు పక్కన ఎవరో పీల్చిన ఊపిరి, సన్నగా ఈలలా. దాన్నీ కొయ్యాలనే చూశాను ఆ రోజుల్లో. పాటలో మొదటి అక్షరం తెగుతుందని వదిలేశాను.

ఆవిడ ఆ ఊపిరిని ఏడుసార్లు వేయించుకుంది.

మధ్యాహ్నం పాటని కంప్యూటర్లోకి ఎక్కిస్తున్నాం. పొద్దున్న జరిగింది ఇంజనీరుకి తెలియదు. “ముందు ఏదో గురక ఉందండీ, తీసెయ్యనా?” అన్నాడు.

మౌస్ లాక్కున్నాను.