చెయ్యి బరువా, స్టీరింగ్ బరువా

2023 వానాకాలం. రాజమండ్రి నుంచి కోరుకొండ వెళ్లే రోడ్డు మీద నా కార్ల షెడ్డు. విమానాశ్రయానికి వెళ్లే టాక్సీలన్నీ నా ముందు నుంచే పోతాయి కాబట్టి, నా దగ్గరికి వచ్చేవాళ్లలో ఎక్కువమంది టాక్సీ డ్రైవర్లే. వాళ్ల బళ్లతో పాటు వాళ్ల ఇళ్ల సంగతులు కూడా నాకు కొంచెం కొంచెం తెలుస్తూ ఉంటాయి.

ఒకరోజు పొద్దున్నే ఒకావిడ ఆటో దిగి లోపలికి రాకుండా గేటు దగ్గరే నిలబడింది. నేను చేతులు తుడుచుకుని బయటికి వెళ్లాను.

“నేను సత్తిబాబు గారి భార్యనండి. మంగని” అంది.

సత్తిబాబు నాకు బాగా తెలుసు. సొంతంగా ఏడు సీట్ల పాత డీజిల్ బండి పెట్టుకుని టాక్సీ నడుపుతాడు. పెళ్లిళ్లవాళ్లు, అన్నవరం వెళ్లేవాళ్లు, ఆసుపత్రులకు తిరిగే పెద్దవాళ్లు ఆయన బండే కావాలని అడుగుతారు. కుదుపు లేకుండా నడుపుతాడని పేరు. అంతకుముందు చలికాలంలో ఆయనకు పక్షవాతం వచ్చి ఎడమ చెయ్యి, ఎడమ కాలు పడిపోయాయి. కాకినాడలో వైద్యం, ఆ తర్వాత నెలల తరబడి ఇంట్లో వ్యాయామాలు. మెల్లగా కోలుకున్నాడు. దగ్గర దూరాలు నడుపుకోవచ్చని డాక్టరు చెప్పాక మళ్లీ బండి తీశాడని విని సంతోషించాను.

“ఆయన రేపో ఎల్లుండో సర్వీసింగుకని బండి మీ దగ్గరికి తెస్తారండి” అంది మంగ. “అది ఇంక పనికిరాదని చెప్పెయ్యండి అన్నయ్య గారూ. ఇంజను పోయిందనండి, ఇంకోటనండి. మీ మాటయితే వింటారు.”

“అదేంటమ్మా? బాగానే తిరుగుతున్న బండిని...”

“బండి కాదండి. ఆయన చెయ్యి. మళ్లీ పడిపోతోందండి.” ఆవిడ ఒక అడుగు ముందుకు వేసింది. “మా సందు మలుపులో రెండు చేతులతో లాగుతున్నారండి స్టీరింగుని. మొహమంతా చెమట. మొన్న గోడకి రాసేశారు. డాక్టరు దగ్గరికి వెళ్దామంటే ఏం లేదు, నువ్వు ఊరుకో అంటారు. ఏదైనా జరిగితే ఆయనొక్కరే కాదు కదండి, బండిలో జనం ఉంటారు.”

నేను ఔననలేదు, కాదనలేదు. “ముందు బండి రానివ్వమ్మా, చూస్తాను” అన్నాను. ఆ జవాబు ఆవిడకు చాలలేదని మొహంలోనే తెలిసింది. ఆవిడ వెళ్లాక చాలాసేపు పని మీద మనసు నిలవలేదు. చెయ్యి నిజంగా పడిపోతూ ఉంటే ఆవిడ అడిగినదాంట్లో తప్పేముంది? నేను ఒక్క మాట అబద్ధం చెబితే నలుగురు క్షేమంగా ఉంటారు. కానీ ఆ మాటతో సత్తిబాబు జీవితంలోంచి బండి పోతుంది. అది లేకపోతే ఆయన ఏం చేస్తాడో నాకు ఊహకు రాలేదు.

మర్నాడు సత్తిబాబు వచ్చాడు. ఎప్పుడూ గేటులోంచి వెనక్కి నడిపి ఒకే ఊపులో బండిని లోపల పెట్టేవాడు. ఆ రోజు రోడ్డు వారనే ఆపి దిగాడు. కాలు కొంచెం ఈడుస్తున్నా మనిషి నిటారుగానే ఉన్నాడు.

“సర్వీసింగాండి?” అన్నాను.

“కాదండి.” అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. “బండి అమ్మేద్దామనుకుంటున్నానండి. మంచి మనిషి ఎవరైనా ఉంటే చూసి పెట్టండి. మంగకి ఇంకా చెప్పలేదు. అది బాధపడుద్ది.”

ఇద్దరూ ఒకే దిగులుతో, ఒకరికొకరు తెలియకుండా నా దగ్గరికే వచ్చారు. నేను ఇక అబద్ధం కూడా చెప్పక్కర్లేదు. సరేనంటే చాలు, మంగ కోరిందే జరిగిపోతుంది.

అయినా అలవాటు కొద్దీ అడిగాను. “ఎందుకండీ అమ్మడం?”

“చెయ్యి పట్టు నిలవటం లేదండి. దాచుకోవడం దేనికి మీ దగ్గర.”

“ఎప్పుడూ అలాగే ఉంటుందా? వేమగిరి దాటి హైవే మీద వెళ్తున్నప్పుడో?”

“ఆయ్, హైవే మీద బాగానే ఉంటుందండి. సందుల్లో, రివర్సులో, బండి ఆపిన చోటునుంచి తిప్పేటప్పుడు... అక్కడ ఓడిపోతున్నానండి.”

అక్కడ నాకు అనుమానం తగిలింది. నీరసపడిన చెయ్యి సందులోనూ నీరసంగానే ఉంటుంది, హైవే మీదా నీరసంగానే ఉంటుంది. వేగాన్ని బట్టి మారేది చెయ్యి కాదు, పవర్ స్టీరింగు. ఇంజను తిరుగుతున్నప్పుడు దాంతో పాటు ఒక చిన్న పంపు తిరుగుతుంది. అది నూనెను ఒత్తిడితో స్టీరింగు కిందికి తోస్తుంది. మనం స్టీరింగు చక్రం తిప్పగానే ఆ ఒత్తిడి మనకు సాయం పడుతుంది. బండి వేగంగా పోతున్నప్పుడు ఆ సాయం పెద్దగా అక్కర్లేదు. నిలబడ్డ బండిని తిప్పాలంటేనే దాని అవసరం. ఇప్పటి కార్లలో ఈ పనిని కరెంటు మోటార్లు చేస్తున్నాయి కానీ, సత్తిబాబు బండిలాంటి పాతవాటిలో అంతా నూనె మీదే.

“తాళాలు ఇలా ఇవ్వండి” అన్నాను.

బండి ఎక్కి స్టార్ట్ చేసి చక్రాన్ని ఎడమవైపు తిప్పాను. తిరగలేదు. రెండో చెయ్యి కూడా వేసి లాగాల్సి వచ్చింది. చివరిదాకా తిరిగేసరికి ముందునుంచి దూడ అరిచినట్టు ఒక మూలుగు. కుడివైపు తిప్పినా అదే. రోజూ స్పానర్లు పట్టే నాకే భుజాలు పట్టేసినట్టయింది. ఆ బరువు తగిలినప్పుడు నాకు కలిగిన ఆనందం ఇంతా అంతా కాదు. బండి చెడితే సంతోషించిన మెకానిక్కుని నేనొక్కణ్ణేనేమో.

కిందికి దిగి, “సత్తిబాబు గారూ, ఇది మీ చెయ్యి కాదండి” అన్నాను.

ఆయన నమ్మలేదు. నేను ఓదారుస్తున్నాననుకున్నాడు. నేను బానెట్ ఎత్తి స్టీరింగు నూనె డబ్బా మూత తీసి చూపించాను. ఆ బండికి ఉండాల్సింది ఎర్రటి నూనె. లోపల ఉన్నది బురద రంగులో, పొగమంచు పట్టినట్టు మసకగా ఉంది. వేలికి రాసుకుని వాసన చూస్తే బ్రేక్ ఆయిల్ వాసన. సిరంజితో కొంచెం తీసి ఒక గాజు సీసాలో పోసి బల్ల మీద పెట్టాను. ఇద్దరం టీ తాగేలోపు సీసాలో రెండు పొరలు తేలాయి. పైన ఎర్రది, కింద లేత రంగుది.

“ఇందులో బ్రేక్ ఆయిల్ పడిందండి. పేరుకి ఆయిలే గానీ అది నూనె జాతి కాదు, దీంతో కలవదు. స్టీరింగులో ఉండే రబ్బరు సీళ్లు దాని దెబ్బకి ఉబ్బి మెత్తబడిపోతాయి. అప్పుడు ఒత్తిడి నిలవదు. ఎవరు పోశారు?”

“ఎవరూ ముట్టుకోలేదండి. నేను ఆసుపత్రిలో ఉన్నన్నాళ్లూ బండిని మంగే చూసుకుంది.”

ఆ మాట అన్నాక ఆయనే ఫోను తీసి ఆవిడను రమ్మన్నాడు.

మంగ కంగారుగా వచ్చింది. నా వైపు చూసిన చూపులో, చెప్పేశారా అన్న ప్రశ్న ఉంది. నేను ఆ సంగతి ఎత్తకుండా, “అమ్మా, ఆయన ఆసుపత్రిలో ఉన్నప్పుడు బండిలో నూనేమైనా పోశారా?” అని అడిగాను.

“పోశానండి. వారానికోసారి స్టార్ట్ చెయ్యి, నూనెలు చూడు అని ఆయనే చెప్పారు. ఒక డబ్బాలో గీత కిందికి దిగిపోయింది. డిక్కీలో సగం సీసా ఉంటే అది పోశాను. ఏం, తప్పా అండి?”

అలాంటి డబ్బాలు రెండు పక్కపక్కనే ఉంటాయి. ఒకటి బ్రేకుది, రెండోది స్టీరింగుది. డిక్కీలో సీసా బ్రేకు కోసం సత్తిబాబు దాచుకున్నది. మొగుడు మంచం మీద ఉండగా ఆయన బండి పాడవకూడదని శ్రద్ధగా చేసిన పని అది.

“దానివల్ల స్టీరింగు బరువెక్కిందమ్మా. ఇందాక తిప్పితే నాకే తిరగలేదు.”

“అంటే... ఆయన చెయ్యి కాదా అండి?”

“గోడకి రాసుకుంది ఈ నూనె వల్లేనమ్మా.”

“చెయ్యి కాదా?” అని మళ్లీ అడిగింది. పక్కనున్న పాత టైరు మీద కూలబడి కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది. భుజాలు కదులుతున్నాయి. సత్తిబాబు ఏం చెయ్యాలో తోచక ఆవిడ ముందు నిలబడ్డాడు. చివరికి, “నాకు వచ్చింది చాలక బండికి కూడా పక్షవాతం తెప్పించావు కదే” అన్నాడు. ఆవిడ ఏడుపు మధ్యలోనే నవ్వేసింది. ఆయనా నవ్వాడు. ఒకరి దగ్గర ఒకరు దాచుకున్నవన్నీ అప్పుడు బయటికి వచ్చాయి. అమ్మకం మాట ఆయన చెప్పాడు, నా దగ్గరికి వచ్చిన మాట ఆవిడ చెప్పింది.

వాళ్ల సంతోషం చూసి నేను కూడా ఉబ్బిపోయి ఊరుకోవచ్చు. కానీ ఒక మాట చెప్పక తప్పలేదు. “బండి సంగతే నాకు తెలుసండి. ఒంటి సంగతి డాక్టరు చెప్పాలి. పని పూర్తయ్యేలోపు ఒకసారి కాకినాడ వెళ్లి చూపించుకు రండి. అప్పుడే తాళాలు ఇస్తాను.” సత్తిబాబు మొహం కాస్త ముడుచుకుంది. మంగే, “వెళ్తామండి” అంది.

ఇక నా పని. ఏ నూనె పొయ్యాలన్నది మొదటి ప్రశ్న. విడిభాగాల షాపులో, అన్ని కార్లకూ పనికొస్తుందంటూ ఒక సీసా చేతిలో పెట్టారు. నేను తీసుకోలేదు. కొన్ని బళ్లకు గేర్‌బాక్సులో వాడే ఎర్రటి ఏటీఎఫ్ పొయ్యాలి, కొన్నిటికి స్టీరింగు కోసమే చేసిన ఆకుపచ్చదో తేనె రంగుదో పొయ్యాలి. రంగును నమ్మడానికి కూడా లేదు. డబ్బా మూత మీద, బండితో వచ్చిన పుస్తకంలో ఏ రకమో రాసి ఉంటుంది. రెండూ చూసి ఆ రకమే తెచ్చాను.

బండి ముందు చక్రాలు జాకీల మీద లేపి, నూనె వెనక్కి వచ్చే గొట్టం విప్పి ఖాళీ డబ్బాలో పెట్టాను. పంపు ఎండిపోకుండా పైనుంచి కొత్త నూనె పోస్తూ, స్టీరింగు ఇటు చివరి నుంచి అటు చివరికి తిప్పుతూ పాతదంతా బయటికి తోయించాను. దీన్ని ఫ్లషింగ్ అంటాం. ఉబ్బిపోయిన పంపు సీలు, నూనె చెమరుస్తున్న గొట్టం మార్చాను. మొదట్లో నూనె మట్టం తగ్గింది ఆ గొట్టం వల్లే. అన్నీ బిగించి స్టార్ట్ చేస్తే మూలుగు తగ్గలేదు. బరువు కొంచెం తగ్గింది, అంతే.

అప్పుడు మాత్రం భయపడ్డాను. కింద చక్రాలను తిప్పే ర్యాక్ లోపలి సీళ్లు కూడా పోయి ఉంటే మొత్తం విప్పాలి. అంత ఘనంగా, మీ చెయ్యి కాదు అని చెప్పాను, ఇప్పుడు స్టీరింగు తేలిక కాకపోతే వాళ్లకు మళ్లీ పాత అనుమానమే పట్టుకుంటుంది. నూనెలో గాలి బుడగలు ఉన్నా అలాగే మూలుగుతుంది కనుక ఇంజను ఆపేసి చక్రాన్ని మెల్లగా అటూ ఇటూ తిప్పి, బుడగలు పైకి తేలడానికి బండిని వదిలేశాను. మర్నాడు రెండోసారి ఫ్లష్ చేశాను. బయటికి వచ్చిన నూనెను సీసాలో నిలబెడితే ఈసారి ఒకే పొర, ఎర్రగా, శుభ్రంగా. స్టార్ట్ చేశాను. మూలుగు లేదు. చక్రం చేతిలో తేలిగ్గా తిరిగింది. షెడ్డులో ఎవరూ లేకపోయినా “హమ్మయ్య” అని పైకే అన్నాను.

వాళ్లిద్దరూ డాక్టరు చీటీతో వచ్చారు. ఎడమ పట్టు కుడిదానంత లేదు కానీ బండి నడపడానికి సరిపోతుందట. కొన్నాళ్లు దూరప్రయాణాలు, రాత్రి ప్రయాణాలు వద్దన్నారట. “అదేం తక్కువండీ” అన్నాడు సత్తిబాబు. మంగను పక్కన, నన్ను వెనక కూర్చోబెట్టుకుని వాళ్ల సందుదాకా నడిపాడు. మలుపు దగ్గర మంగ కళ్లు మూసుకుంది. తెరిచేసరికి బండి ఇంటి ముందు ఉంది.

ఇది జరిగాక నా అలవాటు ఒకటి మారింది. ఎవరైనా వచ్చి బండి బరువుగా ఉందన్నా, తమకే వయసైపోయిందన్నా, ముందు నేనే ఎక్కి నడిపి చూస్తాను. ఎక్కడ ఇబ్బంది, ఎప్పటినుంచి, ఆఖరున ఎవరు ఏం పోశారు అని అడుగుతాను. జబ్బు పడి లేచిన మనిషికి ఏది బరువనిపించినా ముందు తన ఒంటి మీదే అనుమానం పోతుంది. ఇంట్లోవాళ్లకూ అంతే. ఆ అనుమానానికి మన నోటితో ఔనని ముద్ర వెయ్యడం చాలా సులువు. బండి తప్పెంతో తేల్చి చెప్పడం వరకు నా పని. మిగతాది డాక్టరుకు వదలాలి.

కొన్ని వారాలకు నూనె మట్టం చూపించుకోవడానికి వాళ్లు మళ్లీ వచ్చారు. చుక్క తగ్గలేదు. సత్తిబాబు ఎవరితోనో ఫోనులో మాట్లాడుతుంటే మంగ నా దగ్గరికి వచ్చింది.

“మీకొకటి చెప్పాలండి. ఆయన నిద్రపోయాక లేచి కూర్చుని ఆ ఎడమ చేతినే చూసేదాన్ని. వేళ్లు కదిలేదాకా పడుకునేదాన్ని కాదు.”

“ఇప్పుడో?”

“ఇప్పుడు ఆయనకంటే నేనే ముందు పడుకుంటున్నానండి” అంది.