మా రూమ్మేట్ రాసిన ఫిన్లాండ్ దర్శకుడు

మొన్న శనివారం మిషిగన్ రాష్ట్రం ట్రాయ్‌లోని మా ఇంటికి ఒక పార్సిల్ వచ్చింది. విప్పితే తెలుగు పుస్తకం. ఫిన్లాండ్‌లో మూకీల కాలం నుంచి ఊపిరి తిప్పుకోకుండా సినిమాలు తీసిన ఒక తొలితరం దర్శకుడి జీవితం. రాసినవాడు నా ఎమ్మెస్ నాటి రూమ్మేట్. అట్ట చాలా బాగుంది. ముందు బాధ కలిగించింది అదే. మా ఆవిడ భుజం మీదుగా తొంగిచూసి, "మీరు రాస్తానన్నది ఇదేగా?" అంది. అమాయకంగానే అంది.

వాడూ నేనూ మిషిగన్ ఉత్తరాన, ఆర్నెల్లు మంచు కురిసే చిన్న ఊళ్ళో చదువుకున్నాం. మేం అద్దెకున్న ఇంటావిడ తాతలు గనుల్లో పని కోసం ఫిన్లాండ్ నుంచి వచ్చినవాళ్ళు. ఆవిడకి అప్పటికే డెబ్బై దాటాయి. ఆదివారం చర్చి నుంచి రాగానే, ఏలకుల పొడి వేసి జడలా అల్లిన రొట్టె కోసి, కాఫీ పోసి, ఆ దర్శకుడి పాత సినిమాల క్యాసెట్ పెట్టేది. సబ్‌టైటిల్స్ లేవు. ఆవిడే పక్కన కూర్చుని ఇంగ్లీషులో చెప్పేది. ఏడవాల్సిన చోట తాను ముందు ఏడ్చేసి, తర్వాత మాకు కారణం చెప్పేది. ఆయన నాటకాల తెరలకు రంగులు పూస్తూ మొదలయ్యాడట. వెలుగుండే నాలుగు నెలల్లో పొలాలు, నదుల సీన్లన్నీ తీసుకుని, చలికాలం స్టూడియోలో తలుపులు వేసుకుని మిగతాది పూర్తి చేసేవాడట. ఒకటి ఎడిటింగ్‌లో ఉండగానే ఇంకోదానికి సెట్టు లేచేది. కన్నీళ్ళ కథ, సిపాయిల హాస్యం, పల్లెటూరి పెళ్ళి, ఏదడిగితే అది. పత్రికలు తిట్టేవి కదా అంటే, "చదవడానికి ఆయనకి టైమెక్కడిది?" అనేది ఇంటావిడ.

నేను నోట్సు రాసుకునేవాణ్ణి. మావాడు రొట్టె తినేవాడు. పుస్తకం రాస్తానని ఆవిడకి మాటిచ్చింది నేనే. తర్వాత ఉద్యోగం, వీసా, పిల్లలు. మొదటి చాప్టర్ ఎనిమిదిసార్లు తిరగరాశాను. రెండోది మొదలే కాలేదు. ఈలోగా నేపర్‌విల్‌లో ఉంటున్న మావాడు రోజూ షికాగోకి ట్రైన్‌లో వెళ్తూ వస్తూ, ఫోన్‌లో టైప్ చేసి, కథలూ నవలలూ వేసుకుంటూ పోయాడు. ప్రతిదానికీ 'కంగ్రాట్స్ రా' అని మెసేజ్ పెట్టి, వారం రోజులు కుళ్ళుకునేవాణ్ణి. నిజం చెప్పాలంటే ఆ దర్శకుడి మీదా నాకు ఈర్ష్యే. మొదలుపెట్టింది పూర్తిచేసే ప్రతివాడి మీదా ఈర్ష్యే.

రెండు రోజులు ఆ పుస్తకం తప్పులు వెతకడానికే చదివాను. ఒక్కటి దొరికింది. ఇంటావిడ మాకు టీ ఇచ్చేదని రాశాడు. వెంటనే ఫోన్ చేశాను.

"కాఫీ కదూ! సెకండ్ ప్రింట్‌లో మార్పిస్తాలే," అన్నాడు.

సెకండ్ ప్రింట్ కూడానా! ఇక ఆపుకోలేకపోయాను. "అది నా సబ్జెక్ట్ రా," అన్నాను.

"నీదే. నువ్వు రాస్తావని పదిహేనేళ్ళు వెయిట్ చేశాన్రా. పోయినేడు ఆవిడ మంచం పట్టిందని తెలిసింది. ఇంక ఆగలేదు. వారానికో చాప్టర్ రాసి, ఫోన్‌లో ఇంగ్లీషులో చెప్పేవాణ్ణి. పేర్లు తప్పు పలికితే నవ్వి కరెక్ట్ చేసేది. ఆఖరిది విన్నాక మూడో రోజు పోయింది."

"అప్పుడే నాకెందుకు చెప్పలేదు?"

"చెప్పాన్రా. ఆవిడకి బాలేదు, ఒకసారి కాల్ చెయ్యమన్నాను. చాప్టర్ అయ్యాక చేస్తానన్నావ్."

అన్నాను. గుర్తొచ్చింది.

ఫోన్ పెట్టేశాక కూడా కడుపుమంట చల్లారలేదు. కాకపోతే, ఇప్పుడది పుస్తకం గురించి కాదు. ఆ నవ్వు వాడు విన్నాడు, నేను వినలేదు. బాగా రాయడానికి ఇంకొంత కాలం కావాలనే ఇన్నేళ్ళూ అనుకున్నాను. అదంతా నా కాలమేననుకున్నాను తప్ప, వినవలసిన మనిషికి ఎంత మిగిలి ఉందో ఒక్కసారీ ఆలోచించలేదు.