మిద్దె మీద కడ్డీలు

వడ్డీ లెక్కల పాఠం మొదలయ్యే లోపే బడి మానేసిన తెలివైనవాణ్ణి నేను. ఆ పాఠమే తర్వాత బ్యాంకులో నేర్చుకున్నాను. ఫీజు మాత్రం కాస్త ఎక్కువైంది.

నందికొట్కూరులో ఇరవై ఏళ్ల హోంలోనుతో ఒక గది, వంటిల్లు కట్టుకున్నాం. మిద్దె మీద ఇంకో గది ఉండాలని నా భార్య కోరిక. ఎండాకాలం రాత్రుళ్లు కిటికీలన్నీ తెరుచుకుని అందులో పడుకోవాలని ఆమె ఆశ. అందుకే స్తంభాల కడ్డీలు కోయించకుండా స్లాబు పైకి వదిలించాను.

"ఐదేండ్లు కంతులు కడితే పావు అప్పు తీరుతాది. ఆ మేరకు మళ్లీ తీసుకొని గది లేపుదాం" అన్నాను.

ఐదేళ్లూ ఒక్క కంతు తప్పలేదు. బ్యాంకుకు పోయి ఎంత మిగిలిందని అడిగాను.

"అసలు కొంచెమే తగ్గిందప్పా" అన్నాడు గుమాస్తా. "మొదట్లో కంతు శానా వరకు వడ్డీకే పోతాది. అంతా తీరేసరికి నీ ఒక్కింటికి రెండిండ్ల దుడ్లు కట్టింటావు."

ఇంటికొచ్చి మిద్దె ఎక్కాను. తుప్పు పట్టిన కడ్డీలకు తాడు కట్టి ఆమె బట్టలు ఆరేస్తోంది. ఆ కడ్డీల నడుమ, లేని కిటికీలోంచి కనబడినట్టు, దూరాన నల్లమల కొండలు.

"మనం రెండిండ్లు కడతాండామంట. ఒకటి మనకు, ఒకటి బ్యాంకోళ్లకు" అన్నాను. "లోను తీరనీ, నీ గది ఖాయం."

"సరేలేప్పా" అంది ఆమె. "అప్పుడు మెట్లెక్కేకి మోకాళ్లు గూడా వాళ్లే ఇస్తారా?"