సిమోన్ ఆంటీ సొంత గొంతు

నిన్న శాన్ రామన్‌లో ఎవరింట్లోనో పాత సామాన్లు అమ్ముతుంటే వెళ్లాను. పాటల రికార్డుల పెట్టెలో ఒక అట్ట మీద సిమోన్ ఆంటీ ముఖం కనిపించింది. ప్లెయిన్స్‌బరో అపార్ట్‌మెంట్స్‌లో నాతో పెరిగిన మీకు గుర్తుండే ఉంటుంది, మా పై ఫ్లోర్‌లో ఉండే ఫ్రెంచ్ కెనడా ఆవిడ. ఒకప్పుడు మాంట్రియల్‌లో నాటకాలు, పాటల సినిమాలు చేసింది. మనకు మాత్రం అందరిలాగే ఆంటీ.

ఇంటికొచ్చి ఆవిడ పేరు ఆన్‌లైన్‌లో వెతికితే ఒక్క వాక్యం దొరికింది. రికార్డులు సేకరించే పెద్దమనిషి ఎవరో రాశాడు: "నటి మాత్రమే. గొంతు వేరొకరిది."

మన లాండ్రీ రూమ్ గుర్తుందా? వేడి బట్టల వాసన పీలుస్తూ, మడతలు పెట్టే బల్ల మీద కాళ్లూపుకుంటూ కూర్చునేవాళ్లం. అక్కడే ఒకరోజు మా అమ్మ ఆవిడను తనకొచ్చిన ఇంగ్లిష్‌లో అడిగింది, "సినిమాల్లో మీకు ఎవరు పాడేవారండీ?" మన సినిమాలు చూసి పెరిగిన మనిషి మరి.

ఆంటీ బట్టల బుట్ట కింద పెట్టింది. "నా పాట ఇంకొకరు పాడటమేంటి?" అని, నడుం మీద చెయ్యి వేసి పాట ఎత్తుకుంది. నాలుగు డ్రయ్యర్లు తిరుగుతున్నా ప్రతి మాటా వినిపించింది. మనం చప్పట్లు కొట్టేదాకా అక్కడినుంచి కదల్లేదు.

అమ్మ నా చెవిలో, "ఈవిడకి ప్లేబ్యాక్ అక్కర్లేదే," అంది.

ఆ పెద్దమనిషి ఆధారం అడుగుతాడని తెలుసు. నా దగ్గర కాగితం ముక్క కూడా లేదు. అయినా ఆ వాక్యం కిందే రాశాను: "గొంతు ఆవిడదే. నాలుగు డ్రయ్యర్ల మోతలో విన్నాను." ఆ రోజు చప్పట్లు కొట్టినవాళ్లంతా వెళ్లి, దాని కింద మీ పేర్లు పెట్టండి.