మంచం కింద వెలిగిన లైటు

2023లో, ఎండలు ముదరకముందు, శ్రీరాంపూర్‌లో ఒక బొగ్గుగని క్వార్టర్‌కు నన్ను పిలిచారు. ఇన్వర్టర్లు, మోటార్ స్టార్టర్లు బిగించుకుని బతికేవాడిని. బల్లి గూటికి లైట్లు పెట్టాలంటే ముందు నవ్వొచ్చింది.

తీరా చూస్తే అది ఇగ్వానా. మూరెడు ఒళ్ళు, అంతకంటే పొడుగు తోక, తినేది ఆకులు. ఆ ఇంటి కోడలు రమ్య పెళ్ళికి ముందు నుంచీ పెంచుకుంటోంది. పేరు పచ్చోడు. తొలి కాన్పుకు ఆమె చెన్నూరులో తల్లిగారింటికి పోవాలి. దాన్ని వెంట తేవద్దని వాళ్ళ అమ్మ గట్టిగా చెప్పిందట.

“అజీజన్నా, ఆకులు మా అత్తమ్మ ఏస్తనన్నది. లైటు మాత్రం ఎవ్వలకు యాదికుండది. ఎవ్వలు ముట్టకున్నా నడవాలె.”

గూడు పైన యూవీబీ ట్యూబ్ బిగించాను. ఇంట్లో పెరిగే ఇలాంటి జీవాలకు అదే ఎండ. అది లేకపోతే తిన్న కాల్షియం ఒంటికి పట్టక ఎముకలు మెత్తబడతాయి. దానికి స్మార్ట్ ప్లగ్ పెట్టాను. వేళకు తనే వేస్తుంది, తనే ఆర్పుతుంది, ఎక్కడున్నా ఫోన్‌లో చూపిస్తుంది.

“బంద్ అయితే నీ ఫోన్‌ల తెలుస్తది చెల్లే, ఫికర్ జెయ్యకు” అన్నాను.

బాలింతగా ఉన్నన్నాళ్ళూ రోజూ ఫోన్‌లో చూసుకునేదట. లైటు వెలుగుతున్నట్టే ఉండేది. బిడ్డతో తిరిగొచ్చిన రోజే నాకు ఫోన్ చేసి ఏడ్చింది. వెళ్ళి చూస్తే పచ్చోడి దవడ వాచి మెత్తబడింది. వెనక కాళ్ళు ఈడుస్తున్నాడు. గూడు పైన ట్యూబ్ లేదు. వైరు పట్టుకుని పోతే మంచం కింద, చెప్పుల పక్కన, గోడవైపు తిరిగి వెలుగుతూ కనిపించింది.

భర్త సంపత్ గనిలో రాత్రి షిఫ్టు చేసి, పగలు ఆ గదిలోనే పడుకుంటాడు.

“రాత్రంత బాయిల పని జేసి వస్త. గా తెల్లలైటు కండ్లల్ల పొడుస్తుంటే ఎట్ల పండాలె?”

“బంద్ జేసినా అయిపోతుండె గదా?” అన్నాను.

“బంద్ జేస్తే ఆమె ఫోన్‌ల తెలుస్తదాయె. పరేషాన్ అయితదని జరిపిన, అంతే.”

ఒళ్ళు మండింది. అతని నిద్ర అబద్ధం కాదు. గూటిని ముందుగదిలోకి జరుపుదామని ఒక్క మాట అంటే పావుగంట పని. ఆ మాట అనడం కంటే ఆమెను నమ్మించడమే అతనికి సులువైంది.

కరీంనగర్‌లో పశువుల డాక్టరు సూదులు వేశాడు గానీ పచ్చోడు దక్కలేదు. కొన్నాళ్ళకు సామాను విప్పడానికి పోయాను. ఆ గదిలోనే ఉయ్యాల కట్టి ఉంది. సంపత్ అటు తిరిగి పడుకున్నాడు. నేను స్క్రూలు విప్పుతుంటే రమ్య గొంతు తగ్గించి అంది:

“రేపు బిడ్డ ఏడ్చినా గాయనకు నిద్ర పట్టది గదా అన్నా.”

ఇప్పుడు ఏ ఇంట్లో ఆటోమేటిక్ లైటు పెట్టమన్నా, ఆ గదిలో పడుకునేదెవరో వాళ్ళను నా ఎదుటికి పిలవమంటాను. వాళ్ళు సరే అన్నాకే డ్రిల్లు తీస్తాను.